ఎర్ర మాత్ర వెనుక ఒక జీవితము



మన పల్లెల్లో గర్భవతి అయిన స్త్రీ చేతికి ఒక ఎర్ర మాత్ర వస్తుంది. ఏ.ఎన్.ఎం. గాని, ఆశా కార్యకర్త గాని అట్టలకు అట్టలు తెచ్చి ఇచ్చి, "రోజూ ఒకటి వేసుకోమ్మా" అని చెప్పి పోతారు. కొందరు వేసుకుంటారు. కొందరు బియ్యం డబ్బా వెనుక దాచి, తొమ్మిదో నెలలో ఇల్లు సర్దేటప్పుడు చెత్తకుప్పలో పారవేస్తారు. "వేడి చేస్తుంది" అని ఒకరు, "బిడ్డ నల్లగా పుడతాడు" అని ఒకరు, "బిడ్డ లావైపోయి కాన్పు కష్టమవుతుంది" అని మరొకరు. సంఘ కాపరులముగా ఇల్లిల్లూ తిరిగే మాకు ఈ మాటలన్నీ కంఠతా వచ్చు. చెప్పడానికి సిగ్గుపడుతున్నాము గాని, ఆ మాత్రను గూర్చి మేము కూడా చాలాకాలము ఏమీ తెలియనివారమే.

ఆ మాత్రలో ఇనుముతో పాటు ఇంకొక మందు ఉంది. దాని పేరు ఫోలిక్ ఆమ్లము. దానిని ప్రయోగశాలలో తయారుచేయించిన శాస్త్రజ్ఞుడు మన తెలుగువాడు. ఈ సంగతి మాకు తెలిపినది ఒక పాత్రికేయుడు వ్రాసిన పుస్తకము. ఆ పుస్తకము రెండేళ్ళు ముందుగా మా చేతికి వచ్చి ఉంటే, ఒక తల్లితో మేము వేరే విధముగా మాట్లాడి ఉండేవారము. అందుకే ఈ వ్యాసము వ్రాస్తున్నాము.

గ్రహణము నాటి మాట

అది 2010వ సంవత్సరము. అప్పటికి మేము సేవలో కొత్త. సూళ్లూరుపేట అప్పుడు నెల్లూరు జిల్లాలో ఉండేది. 2022 నుండి తిరుపతి జిల్లాలో చేరింది. పులికాట్ సరస్సు ఒడ్డున ఉన్న ఒక పల్లెలో మా సంఘమునకు చెందిన యౌవన దంపతులకు ఆగస్టు నెలాఖరున తొలి కాన్పు అయింది. ఆడబిడ్డ. ముఖము చక్కగా ఉంది. కాని వీపు కింది భాగములో వెన్నెముక మూసుకోలేదు. అక్కడ ఎర్రటి తిత్తివంటిది ఉబ్బి ఉంది. కాళ్ళు కదలలేదు. ఆ బిడ్డ తొమ్మిది దినములు బ్రతికింది.

భూస్థాపనకు వచ్చినవారిలో ప్రతివారికీ ఒక కారణము తెలుసు. ఆ ఏడాది జనవరి 15న సూర్యగ్రహణము పట్టింది. అత్తగారు గుండెలు బాదుకుంటూ, "గ్రహణం నాడు బయటికి పోవద్దంటే విన్నదా? కళ్ళాపి చల్లే పేడ కోసం పోయె" అని ఏడ్చింది. సంఘ పెద్ద ఒకాయన మమ్మును పక్కకు పిలిచి, "అయ్యగారూ, లోపల ఒప్పుకోని పాపం ఏదో ఉండాది. లేకపోతే ఇట్లా జరగదు" అన్నాడు.

మేము ఏమి చేశామో దాచకుండా చెప్పుకోవాలి. గ్రహణము మాటను మేము నమ్మలేదు. అయితే దానికి బదులు చెప్పగల జ్ఞానము మా దగ్గర లేదు. పెద్దాయన మాటను ఖండించే ధైర్యమూ లేదు. సమాధి యొద్ద నిలిచి, ప్రతివాడు తన్ను తాను పరీక్షించుకోవలెను అనే అంశము మీద పది నిమిషములు ప్రసంగించాము. ఎవరినీ ఉద్దేశించి చెప్పలేదనుకున్నాము. కాని ఆ తల్లి తల ఎత్తి ఒక్కసారి మా వైపు చూసింది. ఆ తరువాత రెండేళ్ళ వరకు ఆమె మందిరమునకు రాలేదు.

యోహాను సువార్త తొమ్మిదవ అధ్యాయము మేము ఎన్నిసార్లు ప్రసంగించి ఉంటామో లెక్కలేదు. పుట్టు గ్రుడ్డివాని చూచి, ఎవరు పాపము చేసినందున ఇలా పుట్టాడని శిష్యులు అడిగితే, వాడూ కాదు, వాని తల్లిదండ్రులూ కాదని ప్రభువు చెప్పిన సంగతి మాకు తెలియనిదా? తెలుసు. ఆ సాయంకాలము మాత్రము జ్ఞాపకము రాలేదు.

ఆ గ్రహణమునకూ, ఆ భూస్థాపనకూ నడుమ, జూలై 12న మా పక్కనే శ్రీహరికోట నుండి పి.ఎస్.ఎల్.వి. రాకెట్ ఆకాశమునకు ఎగిరింది. మిద్దెలెక్కి పిల్లలము పెద్దలము చూసి చప్పట్లు కొట్టాము. అంత శాస్త్రము మా నెత్తిమీదుగా పోతున్నది గాని, మా ఇంటి గడపలోనికి రాలేదు.

మా చేతికి వచ్చిన పుస్తకము

2012లో షార్ కేంద్రములో పనిచేసి విశ్రాంతి తీసుకొంటున్న ఒక పెద్దాయనను చూడబోయాము. మాటల మధ్య ఆయన అలమర నుండి ఒక ఇంగ్లీషు పుస్తకము తీసి, "అయ్యగారూ, ఇది కూడా ఒక సాక్ష్యమే, చదవండి" అని ఇచ్చారు. పేరు "ఇన్ క్వెస్ట్ ఆఫ్ పనేసియా". అనగా సర్వరోగ నివారిణి కోసము అన్వేషణ. 1987లో న్యూఢిల్లీలో ప్రచురితమైనది. వ్రాసినవారు ఎస్.పి.కె. గుప్తా అనే పాత్రికేయుడు. ఆయనతో కలిసి ఎడ్గర్ మిల్ఫర్డ్ అనే ఆయన వ్రాశారు. అది యల్లాప్రగడ సుబ్బారావుగారి జీవితము.

మాది వేదాంత పాఠశాలలో పొందిన డిప్లమా. ఇంగ్లీషు చదువుతాము గాని, వైద్యశాస్త్రపు మాటలు వస్తే నిఘంటువు కావాలి. రాత్రి ప్రార్థన అయిన తరువాత నాలుగైదు పేజీల చొప్పున రెండు నెలలు పట్టింది. శ్రీమతి "పరీక్షలకు చదువుతున్నారా?" అని నవ్వేది. కాని చదివిన కొలదీ మాకు రెండు సంగతులు అర్థమయ్యాయి. వైద్యశాస్త్రమును డాక్టర్లు కనుగొంటారు. దానిని మనవంటివారి చేతికి అందించేవారు వేరొకరు ఉంటారు. ఆ రెండవ పని కూడా చిన్నది కాదు.

మన తెలుగులో ఈ రెండవ పని చేసినవారు లేకపోలేదు. ఆంధ్రజ్యోతి సంపాదకులుగా ఉండిన నండూరి రామమోహనరావుగారు పత్రికారచయితగా ఉంటూనే "నరావతారం", "విశ్వరూపం" అనే పుస్తకములలో శాస్త్ర విషయములను కథవలె చెప్పారు. విజయవాడ డాక్టర్ జి. సమరంగారి ఆరోగ్య పుస్తకములు, ప్రశ్నలు-జవాబులు ఎందరో చదివారు. ఆయన నాస్తికుల ఇంట పుట్టినవారు. అయినా రోగమును గూర్చి నిజము చెప్పినప్పుడు అది నిజమే. అమెరికాలో పాల్ డి క్రైఫ్ అనే ఆయన 1926లో "మైక్రోబ్ హంటర్స్" అని సూక్ష్మజీవుల వేటగాళ్ళ కథలు వ్రాశాడు. మలేరియా క్రిమిని 1897లో సికింద్రాబాదులో దోమ కడుపులో కనుగొన్న రొనాల్డ్ రాస్ కథ అందులో ఒకటి. ఇట్టి పుస్తకములు చదివి డాక్టర్లు అయినవారు, డాక్టర్లు కాకపోయినా దోమతెర కట్టుకున్నవారు లోకములో చాలామంది ఉన్నారు.

భీమవరము నుండి బోస్టన్‌కు

సుబ్బారావుగారు 1895 జనవరి 12న భీమవరములో జన్మించారు. తండ్రి జగన్నాథము, తల్లి వెంకమ్మ. పేద కుటుంబము. బాలుడు చదువు మీద మనసు పెట్టలేదు. పదమూడేళ్ళ వయసులో కాశీకి పోయి యాత్రికులకు అరటిపండ్లు అమ్మి ధనవంతుడను అవుతానని ఇల్లు విడిచి పారిపోతే, దారిలో పట్టుకొని వెనుకకు తెచ్చారని చెబుతారు. మెట్రిక్యులేషన్ రెండుసార్లు తప్పి, మూడవసారి ప్యాసయ్యారు. మన ఇండ్లలో పదవ తరగతి తప్పిన బిడ్డను "నీ బ్రతుకు ఇంతే" అని తిట్టే తండ్రులు ఈ వాక్యము రెండుసార్లు చదవాలి.

మద్రాసు మెడికల్ కాలేజీలో చేరారు. గాంధీగారి పిలుపు విని ఖద్దరు బట్టతో కుట్టించిన శస్త్రచికిత్స దుస్తులు ధరించారు. అది శస్త్రచికిత్స ఆచార్యునికి నచ్చలేదు. ఫలితము, ఎం.బి.బి.ఎస్. పట్టా రావలసినవానికి ఎల్.ఎం.ఎస్. అనే తక్కువ పట్టా వచ్చింది. ప్రభుత్వ వైద్యశాఖలో ఉద్యోగము దొరకక మద్రాసులోని ఆయుర్వేద కళాశాలలో శరీరనిర్మాణ శాస్త్రము బోధించారు.

ఈలోగా ఇంటిమీద పెద్ద దెబ్బ పడింది. స్ప్రూ అనే వ్యాధి వచ్చింది. తిన్నది వంటబట్టదు, విరేచనములు ఆగవు, రక్తము క్షీణిస్తుంది. ఇద్దరు సోదరులు కొద్ది దినముల తేడాతో దానితోనే మరణించారు. ఆయనకూ వచ్చింది గాని డాక్టర్ ఆచంట లక్ష్మీపతిగారి ఆయుర్వేద వైద్యముతో బ్రతికారు. తనను బ్రతికించినది ఏది, సోదరులను బ్రతికించలేకపోయినది ఎందుకు అనే ప్రశ్న ఆయనను జీవితమంతా తరిమింది.

భార్య శేషగిరిగారిని ఇక్కడ విడిచి, మామగారి సహాయముతోను, కాకినాడ మల్లాడి సత్యలింగము నాయకర్ ధర్మసంస్థ సహాయముతోను 1922 అక్టోబరులో బోస్టన్ చేరారు. హార్వర్డులో చదువుతూ, పొట్టకూటికి రాత్రివేళ ఆసుపత్రిలో రోగుల మలమూత్ర పాత్రలు శుభ్రముచేసే పని చేశారు. ఆయన వెళ్ళిన తరువాత పుట్టిన కుమారుడు ఏడాది నిండకముందే చర్మమునకు సోకిన జ్వరముతో చనిపోయాడు. తండ్రి ఆ బిడ్డ ముఖము చూడలేదు. తిరిగి స్వదేశమునకు రాలేదు కూడా. భార్యపట్ల అది న్యాయమా అని పాఠకులు అడగవచ్చు. మేమూ అడిగాము. జవాబు మాకు దొరకలేదు. ఒక మనిషి లోకమునకు మేలుచేసినంత మాత్రాన, ఇంటిలో కార్చబడిన కన్నీరు లెక్కలోనికి రాకుండా పోదు.

కాలేయములో దొరికినది

హార్వర్డులో సైరస్ ఫిస్కే అనే ఆచార్యునితో కలిసి రక్తములో భాస్వరమును కొలిచే పద్ధతిని 1925లో ప్రకటించారు. నేటికీ ఆ పద్ధతికి ఫిస్కే-సుబ్బారావు పద్ధతి అనే పేరు. మన కండరములు పనిచేయడానికి శక్తిని దాచుకొనే పదార్థములను గూర్చి కూడా వారిద్దరూ కనుగొన్నారు. అయినా హార్వర్డు ఆయనకు స్థిరమైన ఉద్యోగము ఇవ్వలేదు. 1940లో న్యూయార్కు రాష్ట్రములోని పెర్ల్ రివర్ అనే ఊరిలో ఉన్న లెడర్లీ అనే మందుల కంపెనీలో చేరి, తరువాత పరిశోధన శాఖకు అధిపతి అయ్యారు.

అక్కడ పాత ప్రశ్న మరల ఎదురైంది. రక్తహీనతను పోగొట్టే వస్తువు కాలేయములో ఏదో ఉందని అప్పటికే తెలుసు. 1928లో లూసీ విల్స్ అనే ఆంగ్ల వైద్యురాలు బొంబాయికి వచ్చి, బట్టల మిల్లులలో పనిచేసే పేద గర్భిణీ స్త్రీల రక్తహీనతను పరిశోధించింది. చౌకగా దొరికే ఈస్టు సారమును ఇస్తే వారు కోలుకోవడము ఆమె చూసింది. 1941లో టెక్సాసులో శాస్త్రజ్ఞులు నాలుగు టన్నుల పాలకూర నుండి అట్టి గుణముగల పదార్థమును తీశారు. ఆకు అనే అర్థమిచ్చే లాటిన్ మాటను బట్టి దానికి ఫోలిక్ ఆమ్లము అని పేరు పెట్టారు. అయితే టన్నుల కొద్దీ ఆకు నుండి చిటికెడు మందు వస్తే పేదవానికి ఏమి లాభము? సుబ్బారావుగారి బృందము దానిని కాలేయము నుండి వేరుచేసి, దాని నిర్మాణము తెలుసుకొని, 1945లో ప్రయోగశాలలోనే తయారుచేసింది. ఇక పాలకూరతోను, కాలేయముతోను పనిలేకుండా మాత్రగా చేయవచ్చు. సోదరులను తీసుకుపోయిన స్ప్రూ వ్యాధికి కూడా అది మందైంది.

ఆ వెలుగులోనే మరొకటి బయటపడింది. ఫోలిక్ ఆమ్లము కణములు పెరగడానికి సహాయము చేస్తుంది. అయితే దానివలెనే కనిపిస్తూ, దాని పనిని అడ్డుకొనే పదార్థమును చేస్తే? క్యాన్సరు కణముల పెరుగుదలను ఆపవచ్చును గదా! అట్టి పదార్థములను లెడర్లీ బృందము తయారుచేసి ఇవ్వగా, బోస్టన్ పిల్లల వైద్యుడు సిడ్నీ ఫార్బర్ 1947 చివర రక్తక్యాన్సరుతో ఉన్న పిల్లలకు ఇచ్చి చూశాడు. 1948లో ప్రకటించిన దానిని బట్టి 16 మందిలో 10 మందికి మేలు కనిపించింది. కొన్ని నెలలే. వ్యాధి మరల తిరిగి వచ్చింది. అయినా అంతవరకు మరణము తప్ప వేరే మాటలేని జబ్బుకు మొదటిసారి తలుపు కొంచెము తెరుచుకుంది. ఆ కుటుంబమునకే చెందిన మెథోట్రెక్సేట్ నేటికీ పిల్లల రక్తక్యాన్సరు చికిత్సలో ఉంది. కీళ్ళవాతమునకు కూడా తక్కువ మోతాదులో వారానికి ఒక్కసారి ఇస్తారు. వారానికి ఒక్కసారి అని డాక్టరు చెప్పినదానిని రోజూ వేసుకుంటే ప్రాణాపాయము. ఈ మందు వాడే పెద్దలు మన సంఘములలో ఉన్నారు గనుక ప్రత్యేకముగా చెబుతున్నాము.

బోదకాలు మాత్ర కూడా

మన కోస్తా పల్లెలలో బోదకాలు కొత్త కాదు. ఏనుగు కాలువలె వాచిన కాలితో బల్ల చివర కూర్చుని ఆరాధించే పెద్దమ్మను చూడని సంఘము అరుదు. దోమకాటు ద్వారా వచ్చే సన్నని పురుగులు దీనికి కారణము. వాటికి డి.ఇ.సి. అనే మందు 1947లో సుబ్బారావుగారి ఆధ్వర్యములోని ప్రయోగశాల నుండే వెలువడింది. అప్పుడు దాని పేరు హెట్రజాన్.

ప్రభుత్వము వారు బోదకాలు నివారణకు ఇంటింటా మాత్రలు పంచేటప్పుడు వాటిలో ఉండేది ఈ డి.ఇ.సి.యే. దానితో ఆల్బెండజోల్ అనే పురుగుల మాత్ర కూడా ఇస్తారు. రెండేళ్ళలోపు పిల్లలకు, గర్భిణీ స్త్రీలకు, తీవ్రమైన జబ్బుతో ఉన్నవారికి ఇవ్వరు. "మాత్ర వేసుకుంటే జ్వరం వచ్చింది, కళ్ళు తిరిగినాయి" అని కొందరు భయపడతారు. ఒంట్లో పురుగులు చచ్చేటప్పుడు కొందరికి అలా జరుగుతుంది. తరచుగా త్వరలోనే తగ్గిపోతుంది. ఎక్కువగా ఉంటే ఆసుపత్రికి వెళ్ళాలి. కాలు వాచకముందే ఈ మాత్ర వేసుకోవాలి. వాచిపోయిన తరువాత దానిని మునుపటివలె చేయడము కష్టము. "మాకు కాలు వాపు లేదు గదా, మాకెందుకు?" అనే మాట అందుకే తప్పు.

ఇన్ని చేసిన ఆ మనిషి 1948 ఆగస్టులో నిద్రలోనే కన్నుమూశారు. వయస్సు 53 సంవత్సరములు. 1995లో ఆయన శతజయంతికి మన దేశము తపాలా బిళ్ళ విడుదల చేసింది. అయినా ఎంతమందికి తెలుసు? 1865 ప్రాంతములో సూళ్లూరుపేటకు వచ్చి సువార్తపని ప్రారంభించిన హెర్మన్స్‌బర్గ్ మిషనరీ మైలియస్ దొరగారి పేరు మా సండేస్కూలు పిల్లలు చెబుతారు. అది మంచిదే. కాని రోజూ తమ తల్లులు మింగే మాత్ర చేసినవాని పేరు అడిగితే ఒక్క చేయి లేవలేదు. ఆయన మన సంఘములవాడు కాడు. ఒకప్పుడు రామకృష్ణ మఠములో సన్యాసి కావాలని కోరుకున్నవాడు. అయితే మేలు చేసిన చేతిని గుర్తించడానికి ఆ చేయి ఎవరిదని అడుగవలసిన పనిలేదు. దారిలో పడి ఉన్నవానిని ఎత్తుకొన్న సమరయుని ఊరూ పేరూ ఎవరు అడిగారు?

ఓటములు కూడా వ్రాసిన పుస్తకము

ఈ పుస్తకము పేరులోనే ఒక విశేషము ఉంది. దాని ఉపశీర్షికలో సుబ్బారావుగారి విజయములు మాత్రమే గాక అపజయములు అనే మాట కూడా ఉంది. ఆయన వెదకిన సర్వరోగ నివారిణి దొరకలేదు. కాలేయములో ఉన్న రక్తహీనత మందును పూర్తిగా పట్టుకొన్నామనుకుంటే, అందులో మరొక భాగము మిగిలి ఉంది. నరములను కాపాడే ఆ భాగమును 1948లో వేరే శాస్త్రజ్ఞులు కనుగొన్నారు. అదే బి-12 విటమిను. ఫోలిక్ ఆమ్లము ఒక్కటే దానికి బదులు కాలేదు.

ఇది చదువుతూ మేము ఆగిపోయాము. మనము సాక్ష్యములు చెప్పేటప్పుడు స్వస్థత పొందినవారి సంగతే చెబుతాము. పొందనివారిని గూర్చి మాట్లాడము. అలా మౌనముగా ఉన్నప్పుడు, పొందనివాడు తనలోనే ఏదో లోపము ఉన్నదనుకొని కుమిలిపోతాడు. ఒక పాత్రికేయుడు తాను గౌరవించిన మనిషి ఓటములను కూడా దాచకుండా పుస్తకము అట్టమీదనే వేశాడు. సత్యమును ప్రకటించే పిలుపు పొందిన మేము అంత చేయలేమా?

లెక్క వేసి చూశాము

పుస్తకము ముగించిన తరువాత చెన్నై లోకల్ రైలులో వెళ్తూ, పరిచయమున్న ఒక వైద్యురాలిని ఫోలిక్ ఆమ్లము గూర్చి అడిగాము. ఆమె చెప్పిన సంగతితో మాకు నోట మాట రాలేదు.

గర్భములో బిడ్డ వెన్ను మూసుకోవడము గర్భము నిలిచిన మొదటి 28 దినములలోనే జరిగిపోతుంది. అప్పటికి తల్లికి తాను గర్భవతినని కూడా సరిగా తెలియదు. శరీరములో ఫోలిక్ ఆమ్లము చాలకపోతే కొందరు బిడ్డలలో అది మూసుకోకపోవచ్చు. 1991లో బ్రిటిషు మెడికల్ రిసెర్చ్ కౌన్సిల్ వారు ఏడు దేశములలో చేసిన పరీక్షా ఫలితములు వెలువడ్డాయి. అట్టి బిడ్డను ఒకసారి కన్న తల్లులు గర్భమునకు ముందు నుండే ఫోలిక్ ఆమ్లము తీసుకుంటే, మరల అలా జరగడము నూటికి 72 వంతులు తగ్గింది. అంత స్పష్టముగా మేలు కనబడినందున ఆ పరీక్షను మధ్యలోనే ముగించారు.

ఇంటికి వచ్చి కేలండరు ముందు వేసుకున్నాము. బిడ్డ పుట్టినది ఆగస్టు నెలాఖరు, నెలలు నిండిన కాన్పు. అంటే గర్భము నిలిచినది డిసెంబరు మొదటి వారము. వెన్ను మూసుకోవలసిన గడువు డిసెంబరు నెలాఖరు, జనవరి తొలి దినములు. గ్రహణము పట్టినది జనవరి 15. గ్రహణమునకు పది పదిహేను దినములు ముందే బిడ్డ వెన్ను సంగతి తేలిపోయింది. ఆ తల్లి ఆ దినమున తలుపులు బిగించుకొని కూర్చున్నా, పేడకు వెళ్ళినా ఒకటే. పాపము మాట సరేసరి.

ఆ మరుసటి దినమే శ్రీమతిని వెంటబెట్టుకొని ఆ ఇంటికి వెళ్ళాము. ఆమె వాకిట్లో చేపలు ఎండబెడుతోంది. మేము కూర్చోకముందే, సమాధి యొద్ద మేము మాట్లాడినది తప్పని, క్షమించమని అడిగాము. తరువాత కేలండరు విప్పి లెక్క చూపించాము. ఆమె వ్రేలితో దినములు ఒక్కొక్కటే లెక్కపెట్టింది. చాలాసేపటికి అన్నది: "అయ్యగారూ, ఆ పొద్దు బయటికి ఎందుకు పోయినానా అని ఏడవని రాత్రి లేదు. ఈ మాట అప్పుడే ఎవరైనా చెప్పుంటే ఎంత బాగుండు." అత్తగారు గుంజ పట్టుకొని నిలబడి వింటూ ఉంది. ఆమె ఏమీ అనలేదు. లోపలికి వెళ్ళి కోడలికి నీళ్ళు తెచ్చి ఇచ్చింది.

ఆ దంపతులను వైద్యురాలి వద్దకు పంపాము. ఒకసారి అట్టి బిడ్డ పుట్టిన తల్లికి మామూలు మోతాదు చాలదు. డాక్టరు వ్రాసి ఇచ్చే ఎక్కువ మోతాదు గర్భమునకు ముందు నుండే కావాలి. ఆమె క్రమముగా వేసుకుంది. 2014లో మగబిడ్డ పుట్టాడు. వెన్ను నిటారుగా ఉంది. మాత్ర వలననే అని మేము చెప్పలేము. మాత్ర లేకపోయినా రెండవ బిడ్డ బాగుగా పుట్టేవాడేమో. మేము ప్రార్థన చేశాము, ఆమె మాత్ర వేసుకుంది. ఈ రెంటికీ మధ్య మాకు ఏ తగవూ కనబడలేదు.

ఆరోగ్య పుస్తకమును ఎలా చదవాలి?

నేడు పుస్తకములకన్నా ఎక్కువగా ఫోనులో వైద్య సలహాలు వస్తున్నాయి. ఏది నమ్మాలి? మాకు తోచిన మూడు గుర్తులు చెబుతాము.

మొదటిది, అది ఎంతమందికి ఇచ్చి చూసిన మందో చెబుతుందా? "మా పక్కింటాయనకు తగ్గింది" అనేది ఒక మనిషి మాట. ఫార్బర్ 16 మందిలో 10 మంది అని చెప్పాడు. మిగిలిన ఆరుగురిని దాచలేదు.

రెండవది, అన్ని రోగములకు ఒకటే మందు అంటుందా? అలా అంటే మూసి పక్కన పెట్టండి. సర్వరోగ నివారిణిని వెదకిన సుబ్బారావుగారికే ఒక్కొక్క రోగమునకు ఒక్కొక్క మందు దొరికింది.

మూడవది, అది మిమ్మును డాక్టరు దగ్గరకు నడిపిస్తుందా, డాక్టరును మాన్పిస్తుందా? మంచి పుస్తకము డాక్టరును ఏమి అడగాలో నేర్పుతుంది. డాక్టరు లేని పల్లెలో ఏమి చేయాలో చెప్పే డేవిడ్ వెర్నర్ పుస్తకము కూడా, ఏ లక్షణము కనబడితే ఆలస్యము చేయక ఆసుపత్రికి పోవాలో విడిగా చెబుతుంది.

ఇక ఎర్ర మాత్ర సంగతి. నేడు ప్రభుత్వము గర్భిణీ స్త్రీకి 180 దినములు, కాన్పు తరువాత మరి 180 దినములు రోజుకొక మాత్ర ఇస్తుంది. అందులో ఇనుము 60 మిల్లీగ్రాములు, ఫోలిక్ ఆమ్లము అర మిల్లీగ్రాము. విరేచనము నల్లగా అవడము ఇనుము వలన. అది విషము కాదు. కడుపులో తిప్పితే అన్నము తిన్న తరువాత వేసుకోండి. టీ కాఫీలతో వేసుకోవద్దు, నిమ్మరసము మంచిది. బిడ్డ రంగుకూ ఈ మాత్రకూ సంబంధము లేదు. బిడ్డ కోసము ఎదురుచూసే కోడళ్ళు గర్భము నిలవకముందే ఫోలిక్ ఆమ్లము గూర్చి డాక్టరును అడగాలి. ఆకుకూరలు, పప్పులు తినండి. ఆకును ఎక్కువసేపు ఉడికించి ఆ నీరు పారబోయకండి.

మా మందిరములో బైబిళ్ళు, పాటల పుస్తకములు ఉంచే అలమరలో ఒక అర ఖాళీచేసి ఆరోగ్య పుస్తకములు పెట్టాము. నెలకు ఒక ఆదివారము స్త్రీల సమాజములో ఒకరు అరగంట చదివి వినిపిస్తారు. చదువురాని తల్లులు ప్రశ్నలు అడుగుతారు. జవాబు తెలియనివి ఒక నోటు పుస్తకములో వ్రాసి, ఏ.ఎన్.ఎం. వచ్చినప్పుడు అడుగుతాము. మీ సంఘములో కూడా ఇలా చేయడానికి కావలసినది ఒక అర, నాలుగు పుస్తకములు, చదవగల ఒక చెల్లెలు. అంతే.

మా దగ్గర ఇప్పుడు చదివి వినిపించే చెల్లెలు ఎవరో చెప్పి ముగిస్తాము. 2010లో మా ప్రసంగము విని రెండేళ్ళు మందిరమునకు దూరమైన ఆ తల్లే. గ్రహణము మాట ఎవరైనా ఎత్తితే ఆమె పుస్తకము మూసి, గోడమీది కేలండరు దించి వారి ముందు పెడుతుంది.